అనంతమ్మ చాయ్ కొట్టు, పందొమ్మిది దేశాలు

అనంతమ్మ ఇప్పటిదాకా నాలుగు వందల మంది మగవాళ్లను ఒక్కొక్క ప్రశ్నతో నేల కరిపించింది. వాళ్లలో ఆరడుగుల వాళ్లున్నారు, మీసం మెలేసేవాళ్లున్నారు, చలాన్లు చూసి నవ్వే మొనగాళ్లున్నారు. ఆమె చేతిలో కత్తి లేదు, కర్ర లేదు. చాయ్ వడగట్టే జల్లెడ ఒకటుంది. దాన్ని గిన్నె అంచు మీద టకటకమని రెండుసార్లు కొట్టి, "తువాలు దేశంల విమానం దిగేముంగట ఏం జేస్తరు?" అని అడిగిందంటే చాలు, శంషాబాద్ నుంచి రాజేంద్రనగర్ దాకా ఉన్న టాక్సీ డ్రైవర్లలో సగం మంది, సైరన్ మోగించి రన్‌వే మీద ఆడుకునేవాళ్లను లేపుతారన్న జవాబు అందక, గ్లాసు కేసి చూస్తూ కూర్చునేవారు.

ఎయిర్‌పోర్టు పెద్ద రోడ్డు దిగి కొత్వాల్‌గూడ వైపు తిరిగే చోట, డ్రైవర్లు బండ్లు ఆపుకునే ఖాళీ జాగాలో ఉంటుంది ఆమె కొట్టు. రేకుల కప్పు, రెండు బెంచీలు, నాలుగు నులక మంచాలు, గోడకు ఒక చెక్క పలక. పలక నిండా వరుసగా మేకులు. చాయ్ కావాలన్నవాడు ముందు తన కారు తాళంచెవి తెచ్చి మేకుకు తగిలించాలి. చాయ్ తాగాక ప్రశ్న. జవాబు సరిగా చెబితే తాళంచెవి చేతికొస్తుంది. తప్పితే అది మేకు మీదే ఉంటుంది, మనిషి వెళ్లి గంటసేపు మంచం మీద పడుకోవాలి. కళ్లు మూసుకుని, నోరు మూసుకుని. బళ్లో గోడకుర్చీ వేయించినట్టు, ఇది అనంతమ్మ వేసే శిక్ష అని డ్రైవర్లందరూ అనుకునేవారు. మంచం మీద పడుకున్నవాడి మీద బెంచీ మీద కూర్చున్నవాళ్లు జోకులు వేసేవారు. రేపు తామూ అదే మంచం ఎక్కుతామని వాళ్లకూ తెలుసు, అందుకే కాస్త మెల్లగా వేసేవారు.

మరి అక్కడికే ఎందుకు పోవాలి అంటారేమో. ఆమె అల్లం చాయ్ తాగని వాళ్లే ఆ మాట అడుగుతారు.

ప్రశ్నలన్నీ చిన్న దేశాల గురించే. అమెరికా అధ్యక్షుడెవరో ఆమెకు తెలియదు, తెలుసుకోవాలన్న కోరికా లేదు. దానికో కారణం ఉంది. తొమ్మిదేళ్ల కిందట ఆమె భర్త చెన్నయ్య టాక్సీలో, ఉద్యోగ పరీక్షలకు చదువుకునే ఎవరో కుర్రాడు లావుపాటి జనరల్ నాలెడ్జ్ పుస్తకం మరచిపోయి దిగిపోయాడు. ఆ పుస్తకం కొట్టుకు చేరింది. అప్పట్లో అనంతమ్మ మిరపకాయ బజ్జీలు కూడా వేసేది. పొట్లాలకు మొదటి పేజీ నుంచి చింపుతూ పోయింది. అమెరికా, రష్యా, చైనా, బ్రెజిల్ అన్నీ నూనె మరకలై పోయాయి. పుస్తకం చివరికి వచ్చేసరికి పందొమ్మిది చిన్న దేశాలు మిగిలాయి. అక్కడ ఆమె చెయ్యి ఆగింది. ఏడో తరగతి చదివిన మనిషి కూర్చుని మెల్లగా కూడబలుక్కుంటూ చదివింది. ఆ రోజుతో బజ్జీలు ఆగిపోయాయి, దేశాలు మొదలయ్యాయి.

పద్ధతి కూడా ఆమెదే. ఇవాళ ఒక సంగతి చెబుతుంది, దాన్నే రేపు అడుగుతుంది. "శాన్ మారినో అని ఒక దేశమున్నది. దానికి ఇద్దరు పెద్దలు. ఆర్నెల్లకోసారి ఇద్దర్నీ దించి ఇంకిద్దర్ని ఎక్కిస్తరు. రేపడుగుత." అంతే, చాయ్ గ్లాసు చేతిలో పెట్టి పొయ్యి వైపు తిరిగిపోతుంది. అంత తేలిక. చిన్నపిల్లలు కూడా చెప్పేస్తారు. అయినా రోజూ ఇద్దరో ముగ్గురో మంచమెక్కేవారు.

ఒకసారి వరప్రసాద్ అని రాజేంద్రనగర్‌లో ఉండే పెద్ద ఉద్యోగి, కోస్తా వైపు మనిషి, విమానానికి పోతూ దారిలో డ్రైవరు చాయ్ అన్నాడని ఆగాడు. డ్రైవరు తప్పు చెప్పి మంచమెక్కాడు. వరప్రసాద్ గడియారం చూసుకుని, "ఏమండీ, నాకు విమానం ఉంది, ఈ పరీక్షలేమిటండీ మధ్యలో" అని నిలదీశాడు. అనంతమ్మ తొణకలేదు. జవాబు చెప్పిన ఇంకో డ్రైవరును చూపించి ఆయన బండిలో పొమ్మంది. వరప్రసాద్ సామాను మార్చుకుంటూ, భూటాన్ రాజధాని తనకు తెలుసనీ కావాలంటే అడగమనీ సవాలు చేశాడట. "రాజధాని నాకెందుకు సారు," అందామె. "గా రాజధానిల ట్రాఫిక్ లైటు పెట్టి, జనం వద్దంటె తీసేసిండ్రు. ఇప్పుడు పోలీసాయన చేతులూపుతడు. మీరు పోయిరాండ్రి." ఆ పెద్దమనిషి తిరిగొచ్చిన ప్రతిసారీ అక్కడే ఆగుతాడు, చేతులూపే పోలీసు ఎలా ఉన్నాడని తనే అడుగుతాడు.

ఇక కొండల్ సంగతి. ఇంటర్ రెండో ఏడు సగంలో కాలేజీకీ లెక్కల సారుకూ ఒకే నమస్కారం పెట్టి బయటపడ్డ కొండల్, నోటితోనే కారు నడపగలడు. ఎవరో మంత్రిగారి బావమరిది తన బండిలో ప్రయాణించి, ఇంత మెత్తగా తన తల్లి కూడా ఊయల ఊపలేదని కన్నీళ్లు పెట్టుకున్నాడని చెప్పేవాడు. మొదట ఆ బావమరిది ఒక్కడే. పండుగ నాటికి మంత్రిగారు కూడా ఎక్కారు. వేసవికి ఇద్దరూ ఏడ్చారు. అలాంటి కొండల్‌కు అనంతమ్మ ప్రశ్నలంటే లెక్కే లేదు. రెండేళ్లలో మంచమెక్కింది మూడు సార్లు. బెంచీ మీద కూర్చుని అందరికంటే గట్టిగా నవ్వేది అతనే.

ఆ నవ్వు ఆ శీతాకాలం పోయింది.

అతని భార్య పూర్ణిమ తొలి కాన్పుకు తుక్కుగూడలోని పుట్టింటికి వెళ్లింది. వెళ్లేటప్పుడు ఊరగాయ ఎక్కడుందో, గ్యాస్ ఎలా కట్టాలో అన్నీ చెప్పింది. నిద్ర ఎలా పోవాలో చెప్పలేదు. కొండల్ పడుకునేవాడు. పడుకోగానే గుండెలోంచి భయం లేచి పక్కన కూర్చునేది. డాక్టరమ్మ కాగితం మీద ఏదో రాసి కింద రెండు గీతలు గీసింది, ఆ రెండు గీతలెందుకు? పూర్ణిమకు ఏమైనా అయితే? తను ఎయిర్‌పోర్టులో ఎవరి సామానో ఎత్తుతూ ఉంటే? పక్కకు తిరిగితే భయం కూడా ఇటు తిరిగేది. ఫ్యాను చప్పుడు ఎవరో దగ్గుతున్నట్టుండేది. చివరికి లేచి బండి తీసేవాడు. నిద్ర రాని ఇంట్లో దొర్లడం కంటే రోడ్డు మీద తిరగడమే నయమనిపించింది. పగలూ రాత్రీ తేడా లేకుండా ట్రిప్పులు వేశాడు. తను అలసిపోలేదని తనకు తనే చెప్పుకున్నాడు. తన మాట తనే నమ్మడం అతనికి చిన్నప్పటి నుంచీ అలవాటు.

సోమవారం అనంతమ్మ అడిగింది, రాజధాని అంటూ లేని దేశమేదని. ఆదివారమే చెప్పింది. కొండల్ నోరు తెరిచాడు. లోపల ఏమీ లేదు. ఎవరో గది ఖాళీ చేసి తాళం వేసుకుపోయినట్టుంది. పక్కన గోవర్ధన్ ముసిముసిగా నవ్వాడు. గోవర్ధన్ అతని బాల్య స్నేహితుడు, అదే స్టాండు డ్రైవరు, ఇద్దరూ ఒకే రోజు కాలేజీ వదిలారు. "నౌరూ రా," అన్నాడు గోవర్ధన్. కొండల్ మంచమెక్కాడు. మంగళవారం శాన్ మారినో. అదీ పోయింది. బుధవారం, ముప్పై ఎనిమిది నిమిషాల్లో అయిపోయిన యుద్ధం. జాంజిబార్ సుల్తాను, ఇంగ్లండు వాళ్లతో. చాయ్ ఆరేలోపు యుద్ధం అయిపోయిందని అందరూ రోజంతా నవ్వుకున్న సంగతి అది. అదీ గుర్తు రాలేదు.

అప్పుడు మొదలైంది అసలు భయం. కొండల్ కారులో కూర్చుని తనను తాను పరీక్షించుకున్నాడు. భార్య పేరు వచ్చింది. బండి నంబరు వచ్చింది. అత్తగారి పేరు రాలేదు కానీ అది మామూలే. ఫోన్‌లో మతిమరుపు అని కొట్టి చూశాడు. పదకొండు రోగాలు కనిపించాయి. చదివి చూస్తే అందులో తొమ్మిది తనకు ఉన్నాయి. మిగిలిన రెండూ ఆడవాళ్లవి. గోవర్ధన్‌ను పక్కకు పిలిచి, తన తలలో ఏదో పెద్దది అయ్యిందనీ, పుట్టబోయే బిడ్డ ముఖం చూసి ఎవరీ పాప అని అడుగుతానేమోననీ చెప్పాడు. గోవర్ధన్ చాలాసేపు ఆలోచించి, పుట్టిన రోజున ఆ పాప ఎవరో ఎవరికీ తెలియదని ఓదార్చాడు.

గురువారం పొద్దున ఏడున్నర. ఎయిర్‌పోర్టు నుంచి ఒకాయనను ఎక్కించుకుని ఔటర్ రింగ్ రోడ్డు మీద తుక్కుగూడ వైపు పోతున్నాడు కొండల్. ఎండ మెత్తగా ఉంది. రోడ్డు ఖాళీగా ఉంది. స్టీరింగు సన్నగా ఊగుతోంది. అతనికి గుర్తున్నంత వరకు ఒక పచ్చ బోర్డు వస్తోంది.

తర్వాత కళ్లు తెరిచాడు.

బోర్డు లేదు. కుడి అద్దం నిండా ఒక ట్యాంకర్ చక్రం తిరుగుతోంది. చెయ్యి చాపితే తగిలేంత దగ్గర. తన బండి తెల్లగీత దాటి పక్క వరుసలో ఉంది. ట్యాంకర్ హారన్ ఎప్పటి నుంచి మోగుతోందో తెలియదు, అతని చెవికి అప్పుడే చేరింది. స్టీరింగు మెల్లగా ఎడమకు తిప్పాడు. తిప్పింది తన చెయ్యేనా అని చూసుకున్నాడు. మధ్యలో రెండు కిలోమీటర్లున్నాయి. ఆ రెండు కిలోమీటర్లు ఎవరు నడిపారో కొండల్‌కు తెలియదు. వెనక సీటాయన ఫోన్ నుంచి తలెత్తి, ఏమైంది బాబూ అన్నాడు. ఏం లేదు సార్, గాలి అన్నాడు కొండల్. ఆ గాలి అబద్ధమే అతని జీవితంలో అన్నిటికంటే చిన్న అబద్ధం. దాన్ని చెప్పడానికే అన్నిటికంటే ఎక్కువ కష్టపడ్డాడు.

ఆయనను దించి తిరిగొచ్చేసరికి చొక్కా వీపుకు అతుక్కుపోయింది. తాళంచెవి మేకుకు తగిలించబోతే మూడుసార్లు జారింది. అనంతమ్మ చూసింది. ప్రశ్న అడిగింది. కొండల్ తప్పాడు. మంచం మీద పడుకున్నాడు కానీ కళ్లు మూయలేదు. మూస్తే చక్రం కనిపిస్తోంది. గంట గడిచాక లేచి నిలబడ్డాడు. తాళంచెవి ఇస్తూ అనంతమ్మ ఆ రోజు సంగతి చెప్పింది. "లీచ్‌టెన్‌స్టైన్ అని ఒక చిన్న దేశం. దాని పక్కన స్విట్జర్లాండు. గా స్విట్జర్లాండు సైనికులు నూటడెబ్బై మంది చీకట్ల నడుసుకుంట పోయి, తెల్వకనే సరిహద్దు దాటి పక్క దేశంల అడుగు పెట్టిండ్రు. రెండువేల ఏడుల. రేపడుగుత." కొండల్ తలూపాడు. ఆ మాటలు ఒక చెవి నుంచి ఇంకో చెవికి ఆగకుండా పోయాయి.

ఆ రాత్రీ అతను పడుకోలేదు.

శుక్రవారం పది గంటలకు చాయ్ గ్లాసు చేతిలో ఉండగా ఫోన్ మోగింది. మరదలు సరిత. "బావా, అక్కకు నొప్పులొస్తున్నయి. బండి తీసుకొని జల్ది రా," అంది. వెనక పూర్ణిమ గొంతు ఏదో చెబుతోంది. ఆ మాట కొండల్‌కు అర్థం కాలేదు, ఆ గొంతు మాత్రం అర్థమైంది. చాయ్ బల్ల మీద పెట్టి మేకు వైపు దూకాడు. అంతకంటే ముందే అనంతమ్మ చెయ్యి తాళంచెవి మీద పడింది.

"అక్కా, పూర్ణిమకు నొప్పులు. చాబీ ఇయ్యి."

"ఇస్త. ఎవరి సైనికులు ఏ దేశంలకు పోయిండ్రు?"

రెండు బెంచీల మీద ఆరుగురున్నారు, ఎవరూ నవ్వలేదు. ఇది మరీ అన్యాయమని అందరి ముఖాల మీదా ఉంది కానీ ఎవరి నోటా లేదు. అనంతమ్మతో గొడవ పడి చాయ్ పోగొట్టుకునే ధైర్యం ఎవరికుంది.

"అక్కా, నీ కాళ్లు మొక్కుత. గిదా టైము?"

"గిదే టైము. చెప్పు."

కొండల్ వెతికాడు. సైనికులు. నడిచారు. ఎక్కడికో. నిన్న ఇదే జాగాలో ఇదే మనిషి చెప్పింది. తలలో ట్యాంకర్ చక్రం తిరుగుతోంది, ఇంకేమీ లేదు. "నౌరూ," అన్నాడు. నౌరూ నడి సముద్రంలో ఉంటుంది. అక్కడికి నడిచి పోయే సైన్యం ఇంకా పుట్టలేదు.

అనంతమ్మ తాళంచెవి తీసి చీర చెంగుకు ముడేసింది.

ఆ తర్వాత కొండల్ అన్న మాటలు ఇక్కడ రాసేవి కావు. ఆమెను అన్నాడు, ఆమె దేశాలను అన్నాడు, ఆ పుస్తకం మరచిపోయిన కుర్రాడిని, వాడిని చదివించిన వాళ్లను అన్నాడు. చివరికి ఏడుపులోకి దిగాడు. అన్నీ విన్నాక అనంతమ్మ గోవర్ధన్ వైపు తిరిగింది. అతని కారు మరమ్మతుకు పోయి రెండు రోజులైంది, రెండు రోజులుగా ఇంట్లో పడి తినడం, పడుకోవడం తప్ప ఇంకో పని లేదు. చాయ్ కోసం మాత్రం రోజూ నడుచుకుంటూ వస్తున్నాడు.

"నువ్వు చెప్పు."

"స్విట్జర్లాండోళ్లు. లీచ్‌టెన్‌స్టైన్‌కు పోయిండ్రు. నూటడెబ్బై మంది," అన్నాడు గోవర్ధన్. స్నేహితుడి ముఖం చూసి, తప్పు చేసినవాడిలా తల దించుకున్నాడు.

అనంతమ్మ చెంగు ముడి విప్పి తాళంచెవి అతని చేతిలో పెట్టింది. కొండల్‌ను వెనక సీట్లోకి తోసింది. తను ముందు సీట్లో కూర్చుంది. పొయ్యి దగ్గర గ్లాసులు కడుగుతున్న చెన్నయ్యకు కొట్టు అప్పజెప్పింది. చెన్నయ్య కుడి చెయ్యి భుజం దాటి పైకి లేవదు, పైగా ఆయన తొమ్మిదేళ్లలో చాయ్ పెట్టింది లేదు. ఆ రోజు ఆయన పెట్టిన చాయ్ తాగిన వాళ్లెవరికీ మూడు రోజులు నిద్ర పట్టలేదని చెప్పుకుంటారు.

తన బండి స్టీరింగు ఇంకొకడు పట్టుకోవడం కొండల్ ఎన్నడూ ఒప్పుకోలేదు. వెనక నుంచి అరిచాడు. గేరు అలా కాదన్నాడు. తనకు నిద్ర లేదని ఎవరన్నారన్నాడు. తన కళ్లు చూడమన్నాడు, ఎంత తెరిచి ఉన్నాయో. బండి ఔటర్ రింగ్ రోడ్డు ఎక్కకముందే, తెరిచి ఉన్న ఆ కళ్ల సంగతి చెబుతూనే, మాట సగంలో, తల అద్దానికి వాలి గురక మొదలైంది. అనంతమ్మ వెనక్కి కూడా చూడలేదు. దారి పొడుగునా గోవర్ధన్‌ను ప్రశ్నలడుగుతూ కూర్చుంది. మాల్టాలో దేశం మొత్తానికి కలిపి ఒకే పతకం ఇచ్చింది ఎవరు, కిరిబాటిలో ఒక దీవిలో ఆదివారమైతే ఇంకో దీవిలో సోమవారం ఎందుకుండేది. ఇంగ్లండు రాజని, తేదీ మారే గీత ఆ దేశం నడుమ నుంచి పోయేదని, గోవర్ధన్ చెమటలు కక్కుతూ అన్నిటికీ జవాబు చెప్పాడు. ఒక్కటి తప్పితే దారిలోనే దింపేసి, బండి తనే నడుపుతుందేమోనని అతని భయం.

తుక్కుగూడలో పూర్ణిమను వెనక సీట్లో, నోరు తెరుచుకుని నిద్రపోతున్న భర్త పక్కనే కూర్చోబెట్టారు. సరిత అతన్ని కుదిపి లేపబోయింది. పూర్ణిమ పళ్లు బిగించి చెల్లెలి చెయ్యి పట్టుకుంది. "లేపకు," అంది. "లేస్తే ఈయన నాకంటె ఎక్కువ మొత్తుకుంటడు." శంషాబాద్ దవాఖాన దాకా ఒక చేత్తో కడుపు, ఒక చేత్తో మొగుడి తల పట్టుకుని వచ్చిందామె.

దవాఖాన దగ్గర కొండల్‌ను దింపితే కాళ్లు నడిచాయి, మనిషి నడవలేదు. వసారాలోని బెంచీ మీద కూలబడి మళ్లీ మునిగిపోయాడు. లోపల నర్సులు పరుగెత్తారు. సరిత పరుగెత్తింది. గోవర్ధన్ ఊరికే అటూ ఇటూ పరుగెత్తాడు. అనంతమ్మ బెంచీ చివర, నిద్రపోతున్న మనిషి కింద పడకుండా అడ్డంగా కూర్చుంది.

కొండల్ లేచేసరికి ఎండ కిటికీ మారింది. ఎక్కడున్నాడో తెలియలేదు. పైన తెల్ల సున్నం, పక్కన మందుల వాసన. లేచి కూర్చున్నాడు. అప్పుడు, ఎవరూ అడగకుండానే, తల లోపల తాళం వేసిన ఆ గది తలుపు దానంతట అదే తెరుచుకుంది.

"స్విట్జర్లాండోళ్లు," అన్నాడు గట్టిగా. "లీచ్‌టెన్‌స్టైన్‌కు పోయిండ్రు. నూటడెబ్బై మంది."

అటుగా పోతున్న నర్సు ఆగి, ఎవరి తాలూకు అని అడిగింది. అనంతమ్మ అతని ముఖం వైపు చూసింది. ఆ చూపులో గెలుపు లేదు, పాలు పొంగకుండా దించుకున్నప్పటి తృప్తి ఉంది.

"పూర్ణిమ మంచిగున్నది. బిడ్డ పుట్టింది. రెండు కిలోల తొమ్మిదొందలు. ఇద్దరూ పండుకున్నరు," అంది. తర్వాత, "పొద్దుగాల యాదికి రాలే. ఇప్పుడెట్లొచ్చింది?" అని అడిగింది.

బిడ్డ పుట్టిన సంగతి కొండల్‌కు లోపలికి దిగడానికి కొంత సమయం పట్టింది. దిగాక కళ్లు తుడుచుకున్నాడు. తుడుచుకున్నాక ఆ రెండో మాట గుర్తొచ్చింది. "తెల్వది అక్కా," అన్నాడు.

"పండుకున్నవు గద. పండుకున్నోనికి యాదికుంటది. పండుకోనోనికి ఉండది. గంతే. లేకుంటె గా దేశాలతోని నాకేం పని కొండలూ? నేనేమన్న పోతనా ఆడికి?"

నాలుగు మంచాలు, పలక, మేకులు, రెండేళ్లుగా తను వేసిన జోకులు, అన్నీ కొండల్ తలలో ఒక్కొక్కటే తిరగబడ్డాయి. ఓడిపోయామనుకుని గంటసేపు కళ్లు మూసుకుని పడుకున్న మొనగాళ్లందరూ వరసగా కనిపించారు. అలాంటప్పుడు తేలికైనవే అడగొచ్చు కదా, ఢిల్లీ, ముంబయి, అన్నాడు.

"అవి నిద్రల గూడ చెప్తరు మీరు. చిన్న దేశమైతెనే మనిషి మేలుకొని ఎతకాలె." చెంగుతో ముఖం తుడుచుకుంది. "చెన్నయ్య దినాం బండి నడిపేటోడు. ఇంటికొచ్చుడు, మళ్ల పోవుడు. గా పుస్తకం చింపి పొట్లాలు గట్టే దినాలల్ల, ఒకనాడు పొద్దుగాల చాయ్ తాగుకుంట చిన్నబిడ్డను పెద్దబిడ్డ పేరుతోని పిలిచిండు. రెండుసార్లు పిలిచిండు. నేను నవ్విన. నవ్వుకుంట చాబీ నేనే చేతిల పెట్టిన. గంటకు ఫోనొచ్చింది, డివైడర్‌కు కొట్టిండని." చెంగు దులుపుకుని, "ఇప్పుడు రెండు పూటల పండుకుంటడు. కొట్టి లేపినా లేవడు. గా చెయ్యి ఒక్కటే లేస్తలేదు," అంది.

అప్పుడు కొండల్ చెప్పాడు. పచ్చ బోర్డు, చక్రం, ఎవరు నడిపారో తెలియని రెండు కిలోమీటర్లు. గొప్పలు లేకుండా, ఒక్క మంత్రి కూడా ఎక్కకుండా చెప్పిన మొదటి కథ అది. వెనక సీటాయనకు గాలి అని చెప్పానంటూ లెంపలు వేసుకున్నాడు. అనంతమ్మ తిట్టలేదు. చివరిదాకా విని, మెల్లగా అంది. "గా స్విట్జర్లాండోళ్లు తుపాకులు పట్టుకొని పక్క దేశంలకు పోయిండ్రు. ఎవ్వలకేం గాలే. ఎనక్కొచ్చి తప్పయిందని చెప్పిండ్రు. నువ్వు గూడ ఎనక్కొచ్చినవు. ఇంగోపారి పోకు."

సరిత తెల్ల గుడ్డలో చుట్టిన బిడ్డను తెచ్చి బావ ముందు నిలబడింది. కొండల్ చేతులు చాపి, మళ్లీ వెనక్కి తీసుకున్నాడు. పడేస్తానేమోనని భయమన్నాడు. అనంతమ్మ అతని కళ్లలోకి ఒకసారి పరీక్షగా చూసి, ఇప్పుడు పట్టుకోవచ్చంది. పట్టుకున్నాడు. ఆ ముఖం చూసి ఎవరీ పాప అని మాత్రం అడగలేదు.

ఇరవై రోజుల తర్వాత కొండల్ స్టాండుకు తిరిగొచ్చాడు. ఇంట్లో బిడ్డ ఏడుపుకు నిద్ర లేదు కానీ, పూర్ణిమ లెక్క వేసి రోజుకు ఆరు గంటలు అతన్ని మేడ మీద గదిలో పెట్టి గొళ్లెం వేస్తోంది. గోవర్ధన్ ముందు రోజే ఫోన్‌లో చెప్పి ఉంచిన సంగతి కావడంతో, మొదటి రోజే ప్రశ్నకు జవాబు చెప్పి తాళంచెవి తీసుకున్నాడు. అయినా వెళ్లలేదు. ఐలయ్య అని కొత్తగా వచ్చిన డ్రైవరొకడు, మొదటిసారి తప్పి, మంచమెక్కనని మొరాయిస్తున్నాడు. కొండల్ అతన్ని పక్కన కూర్చోబెట్టుకున్నాడు. చాలా రోజుల తర్వాత నోటికి పని దొరికింది.

అనంతమ్మ ఎంతటి మనిషో తెలుసా అన్నాడు. ఆ రోజు తాళంచెవి కోసం తను పులిలా మీద పడితే ఒంటి చేత్తో ఆపిందన్నాడు. తుక్కుగూడ దాకా దారిలో బండ్లన్నీ ఆమెను చూసి పక్కకు జరిగాయన్నాడు. దవాఖానలో డాక్టరమ్మ కూడా ఆమె ప్రశ్నకు జవాబు చెప్పలేక కుర్చీ ఇచ్చిందన్నాడు. ఐలయ్య నోరు తెరుచుకుని, తెలియకుండానే మంచం అంచు మీద కూర్చున్నాడు. కొండల్ గొంతు తగ్గించాడు. "గా బెంచి మీద నేను సచ్చినట్టు పండుకున్న తమ్మీ. గీమె నా పక్కన కూసొని, తిండి లేదు, నీళ్లు లేవు, అయిదు గంటలు రెప్ప గూడ కొట్టకుంట నాకు కావలి ఉన్నది."

పొయ్యి దగ్గర అనంతమ్మ పాలు దించి, జల్లెడ గిన్నె మీద పెట్టి, ఇటు తిరగకుండానే అంది.

"అయిదు గంటలు గాదు, రెండున్నర. అండ్ల గంటన్నర నేను గూడ పండుకున్న."